నుదురు, పుర్రె ఎముకలు: మా అరుగు మీద తరచుగా అడిగే ప్రశ్నలు

ముప్పై ఏళ్లు వైద్య విద్యార్థులకు శరీర నిర్మాణ శాస్త్రం చెప్పి, పదవీ విరమణ చేశాక కోనసీమలో మా ఊరికి వచ్చేశాను. కాలువ గట్టున ఇల్లు, ముందు అరుగు. సాయంత్రమయ్యేసరికి ఎవరో ఒకరు తల పట్టుకుని వస్తారు. తమ తల కాకపోతే మనవడి తల. నేను కోసి కుట్టేవాణ్ణి కాదు, మందులు రాసేవాణ్ణీ కాదు. ఏ ఎముక ఎక్కడుంది, దాని వెనక ఏముంది అన్నదే నా చదువు. తల దెబ్బల దగ్గర ఆ చదువు బాగానే అక్కరకొస్తుంది. జనం హడలిపోయే చోట చాలాసార్లు ఏమీ ఉండదు. మంచినీళ్లు తాగించి పడుకోబెట్టే చోట ఒక్కోసారి ప్రాణమే పోతుంది. మళ్లీ మళ్లీ అడిగినవి ఇక్కడ రాసిపెట్టాను.

పుర్రె అంటే కొబ్బరి చిప్పలా ఒకటే ఎముక కాదా?

కాదు. పెద్దవాళ్ల పుర్రెలో 22 ఎముకలుంటాయి. మెదడును దాచే పెట్టెలో 8, ముఖంలో 14. చెవుల లోపల మూడేసి చిన్న ఎముకలు, నాలుక మొదట ఉండే ఒక ఎముక కూడా కలిపితే 29. ఇన్నింటిలోనూ స్వేచ్ఛగా కదిలే పెద్ద ఎముక కింది దవడ ఒక్కటే. ఆ 22లో మిగిలినవి ఒకదానిలో ఒకటి రంపపు పళ్లలా ఇమిడి బిగుసుకుపోయి ఉంటాయి.

పెట్టె ఎముకలు ఎనిమిదీ ఇవి: నుదుటిది ఒకటి, నెత్తికి ఇరుపక్కలా రెండు, కణతల దగ్గర రెండు, మెడ పైన వెనకవైపు ఒకటి, అడుగున గబ్బిలంలా రెక్కలు చాచినది ఒకటి, ముక్కు పైకప్పున జల్లెడలా చిల్లులున్నది ఒకటి. స్కానింగ్ రిపోర్టులో ఇవే వరసగా ఫ్రాంటల్, పరైటల్, టెంపొరల్, ఆక్సిపిటల్, స్ఫీనాయిడ్, ఎత్మాయిడ్ అని కనిపిస్తాయి.

కొబ్బరికాయ పోలిక మాత్రం మరీ తీసిపారేయదగ్గది కాదు. పీచు ఉన్నచోట చర్మం, వెంట్రుకలు. చిప్ప ఉన్నచోట ఎముక. లోపల కొబ్బరి ఉన్నచోట మెదడు. తేడా నీళ్ల దగ్గర వస్తుంది. కాయలో నీళ్లు కొబ్బరికి లోపల ఉంటాయి, తలలో మెదడు లోపలి గదుల్లోనే కాక మెదడు చుట్టూ కూడా ఉంటాయి. పెద్దవాళ్లలో తల, వెన్ను కలిపి సుమారు 150 మిల్లీలీటర్లు. దాదాపు కిలోన్నర బరువుండే మెదడు ఆ నీటిలో తేలుతూ ఉంటుంది కనుకే తన బరువుకు తానే నలగకుండా ఉంది. చిప్పకూ ఎముకకూ కూడా ఒక తేడా ఉంది. పుర్రె ఎముక గట్టి దిమ్మ కాదు. పైన ఒక పలక, కింద ఒక పలక, మధ్యలో రక్తం నిండిన స్పంజి లాంటి పొర.

ప్రాచీన ఆయుర్వేద వైద్యుల్లో సుశ్రుతుడు ఒంట్లో 300 ఎముకలన్నాడు, చరకుడు 360 అన్నాడు, మీరు 206 అంటారేమిటని ఒక సంస్కృత పండితుడు నన్ను నిలదీశారు. వాళ్లు పళ్లను, కొన్ని మృదులాస్థులను కూడా లెక్కలో వేసుకున్నారు. చరకుడి లెక్కలో గోళ్లూ ఉన్నాయి. దేన్ని ఎముక అనాలో ముందు తేల్చుకుంటే ఆ తగాదా చాలావరకు తీరుతుంది.

నుదుటి ఎముక ఎక్కడి నుంచి ఎక్కడి దాకా?

అద్దంలో కనిపించే నుదురు కనుబొమ్మల నుంచి జుట్టు మొదలయ్యేదాకా. ఎముక అంతకంటే చాలా పెద్దది. పైన జుట్టులోకి దూరి, నడినెత్తికి కాస్త ముందు వరకూ వెళుతుంది. కింద కనుబొమ్మల దగ్గర ఆగకుండా వెనక్కి మడత పడి కళ్ల గూళ్లకు పైకప్పు అవుతుంది. ఆ పైకప్పు మీదే మెదడు ముందు భాగం ఆనుకుని ఉంటుంది. పైకప్పు ఎంత పలచనో చూపడానికి ఎండిన పుర్రెలో కంటి గూట్లో టార్చిలైటు పెట్టేవాణ్ణి. లాంతరు గాజులా ఎర్రగా వెలిగేది. కంట్లో పుల్ల గుచ్చుకున్న పిల్లవాణ్ణి చూస్తే డాక్టర్లు కంటి గురించే కాక మెదడు గురించి కూడా ఎందుకు కంగారుపడతారో అప్పుడు అర్థమయ్యేది విద్యార్థులకు.

మీ వేలితోనే చూసుకోవచ్చు. బొట్టు పెట్టుకునే చోట వేలు పెట్టండి. రెండు కనుబొమ్మల మధ్య నున్నటి చదును తగులుతుంది. వేలు కిందికి జార్చితే ముక్కు మొదట్లో చిన్న లోయ వస్తుంది. నుదుటి ఎముక, ముక్కు ఎముకలు కలిసే అతుకు అదే. మళ్లీ పైకొచ్చి కనుబొమ్మ వెంట పక్కకు వెళ్లండి. కనుబొమ్మను మూడు భాగాలు చేస్తే ముక్కువైపు భాగం ముగిసే చోట, ఎముక అంచున ఒక చిన్న నొక్కు తగులుతుంది. కొందరిలో అది నొక్కు కాదు, పూర్తి రంధ్రం. గట్టిగా నొక్కితే జివ్వుమంటుంది. నడినెత్తి దాకా స్పర్శ తెలియజేసే నరం అక్కడినుంచే బయటికొస్తుంది. నుదుటి మీద కుట్లు వేసేటప్పుడు డాక్టరు గాయం దగ్గర కాక కనుబొమ్మ దగ్గర సూది పొడిచారని ఒకాయన నాతో వాపోయారు. ఆ డాక్టరుకు శరీర నిర్మాణం బాగా వచ్చు. ఒక్క పోటుతో సగం నుదురు మొద్దుబారుతుంది.

కనుబొమ్మల పైన అడ్డంగా ఉబ్బెత్తు గట్లు తగులుతాయి. మగవాళ్లలో ఇవి కొట్టొచ్చినట్టు ఉంటాయి, ఆడవాళ్లలో నుదురు నున్నగా, నిటారుగా ఉంటుంది. దొరికిన పుర్రె ఆడదా మగదా అని పోలీసులు అడిగినప్పుడు మేం చూసే గుర్తుల్లో ఇదొకటి. ఒక్క గుర్తుతో తీర్పు చెప్పేవాడు మాత్రం మంచి సాక్షి కాడు.

బ్రహ్మ రాసిన నుదుటి రాత అంటే పుర్రె మీద కనిపించే గీతలేనా?

శ్మశానంలో పుర్రెను చూసినవాళ్లు ఎవరైనా ఈ మాట అడుగుతారు. నిజంగానే అవి రాతలా ఉంటాయి. మెలికలు, వంపులు, కొక్కేలు, గొలుసుకట్టు రాతలాగే. అవి ఎముకల మధ్య అతుకులు. నుదుటి ఎముక వెనక అడ్డంగా ఒకటి, నడినెత్తి మీద నిలువుగా ఒకటి, వెనక గుడిసె కప్పులా వాలుగా ఒకటి, చెవుల పైన పొలుసుల్లా ఒకదానిపై ఒకటి ఎక్కినవి రెండు.

తమాషా ఏమిటంటే రాత ఉండాల్సిన నుదుటి మీదే ఏ గీతా ఉండదు. పుట్టినప్పుడు ఉంటుంది. పసిబిడ్డ నుదుటి ఎముక ఒకటి కాదు, కుడి ఎడమ రెండు ముక్కలు. వాటి మధ్య ముక్కు మొదటి నుంచి మాడు దాకా నిలువుగీత. మూడో నెల నుంచి తొమ్మిదో నెలలోపు అది కలిసిపోతుంది, పుర్రె అతుకులన్నింటిలోనూ మొట్టమొదట పూడేది అదే. అంటే బ్రహ్మ నుదుటి మీద రాసినది ఏదైనా ఉంటే బిడ్డ నడక నేర్చేలోపే చెరిగిపోయిందన్నమాట.

కొద్దిమందిలో ఆ గీత పెద్దయ్యాక కూడా అలాగే ఉండిపోతుంది. దానివల్ల నష్టం ఏమీ లేదు. అయితే ఏ మోటారుసైకిలు ప్రమాదం తర్వాతో ఎక్స్‌రే తీస్తే నుదురు నిట్టనిలువుగా చిట్లిందని పొరపడే వీలుంది. చిట్లిన గీత సూటిగా, కత్తితో కోసినట్టు ఉంటుంది. అతుకు పళ్లుపళ్లుగా, సరిగ్గా మధ్యలో ఉంటుంది.

నడినెత్తి మీద నిలువు అతుకు సరిగ్గా పాపిటకు కింద ఉంటుంది. పాపిటను సంస్కృతంలో సీమంతం అంటారు. కడుపుతో ఉన్న అమ్మాయికి చేసే వేడుక పేరు అక్కడినుంచే వచ్చింది. సుశ్రుతుడు తలలోని ఈ అతుకులను కూడా సీమంతాలనే అన్నాడు, ఐదని లెక్కపెట్టి మర్మస్థానాల్లో చేర్చాడు. ఆ పేరు పెట్టిన మనిషి పుర్రెను చేత్తో పట్టుకుని తిప్పి చూశాడని నాకు గట్టి నమ్మకం.

పాప మాడు కొట్టుకుంటోంది. ఆముదం పెట్టకపోతే పూడదా?

పూడుతుంది. ఆముదం పెట్టినా పూడుతుంది, పెట్టకపోయినా పూడుతుంది. నూనె చర్మం దాటి ఎముకను చేరదు.

పుట్టినప్పుడు పుర్రె మీద ఇలాంటి మెత్తటి చోట్లు ఆరుంటాయి. ముందున్న పెద్దది మనం మాడు అనేది, గాలిపటం ఆకారంలో ఉంటుంది. వెనక చిన్నది రెండు మూడు నెలల్లో పూడిపోతుంది. ముందుది సాధారణంగా ఏడాది, ఏడాదిన్నర మధ్య పూడుతుంది. రెండేళ్లు నిండినా మెత్తగానే ఉంటే పిల్లల డాక్టరుకు చూపించాలి. డి విటమిన్ లోపం, థైరాయిడ్ లోపం లాంటివి దానికి కారణం కావచ్చు. మాడు కొట్టుకోవడం గుండె కొట్టుకోవడమే, లోపలి రక్తనాళాల లయ పైకి కనిపిస్తోంది. కింద దట్టమైన పొర ఉంది కనుక తలస్నానం చేయించినా, మెల్లగా నిమిరినా ఏమీ కాదు.

మాడు మనకు చెప్పే కబుర్లు రెండున్నాయి. విరేచనాలతో నీరసించిన బిడ్డ మాడు లోపలికి గుంటపడితే ఒంట్లో నీరు తగ్గిపోయింది. ఆముదం సీసా పక్కన పెట్టి ఓఆర్ఎస్ పట్టించండి, ఆసుపత్రికి బయలుదేరండి. జ్వరంతో ఉన్న బిడ్డ మాడు, ఏడవకుండా కూర్చున్నప్పుడు కూడా ఉబ్బి బిర్రుగా ఉంటే లోపల ఒత్తిడి పెరిగింది. అప్పుడు తెల్లవారేదాకా ఆగకూడదు.

తల గుండ్రంగా రావాలని స్నానం చేయించేటప్పుడు ఒత్తవచ్చా?

వద్దు. మన ఊళ్లలో నలుగు పెట్టి, కాళ్ల మీద పడుకోబెట్టి, ముక్కు లాగి, నుదురు అదిమి నానా హంగామా చేస్తారు. ప్రసవంలో ఎముకలు ఒకదానిమీదికి ఒకటి జరిగి తల పొడుగ్గా అవుతుంది. అలా జరగగలగడమే బిడ్డ బయటికి రావడానికి దారి. అది కొద్ది రోజుల్లో తనంతట తనే సర్దుకుంటుంది, ఆ ఘనత మాత్రం నీళ్లు పోసిన ఆవిడ ఖాతాలో పడుతుంది.

ఎప్పుడూ ఒకేవైపు తిరిగి పడుకునే బిడ్డకు తల వెనక ఆవైపు చదునవుతుంది. మెలకువగా ఉన్నప్పుడు బోర్లా వేసి ఆడించడం, ఉయ్యాల దిశ మార్చడం చాలు. నిద్రలో మాత్రం వెల్లకిలానే పడుకోబెట్టాలి.

వాడపల్లిలోనో అంతర్వేదిలోనో పుట్టువెంట్రుకలు తీయించి వచ్చాక హఠాత్తుగా తల ఆకారం కనిపించి కంగారుపడే తల్లిదండ్రులు ఎక్కువ. నుదుటి మధ్య సన్నటి గట్టు తగిలితే అది పైన చెప్పిన నిలువుగీత పూడిన గుర్తే కావచ్చు. కానీ నుదురు పడవ ముక్కులా కోసుగా ఉండి, కళ్లు దగ్గరదగ్గరగా ఉంటే ఆ అతుకు మరీ ముందుగా పూడిపోయిందేమో చూపించాలి. దానికి శస్త్రచికిత్స ఉంది, సాధారణంగా మొదటి ఏడాదిలోనే చేస్తారు కనుక ఎదిగితే అదే సర్దుకుంటుందని కూర్చోకూడదు.

నుదుటికి తగిలితే కళ్లు ఎందుకు నల్లబడతాయి?

మా వీధిలో ఒక ఆరేళ్ల పిల్లవాడు ధాన్యం బస్తాల మీదినుంచి దూకి గడపకు కొట్టుకున్నాడు. నుదుటి మీద నిమ్మకాయంత బొప్పి కట్టింది. ఏడుపు అయ్యాక పరుగులు పెట్టి ఆడుకున్నాడు. రెండో రోజు పొద్దున్నకు బొప్పి దిగిపోయింది. హమ్మయ్య అనుకునేలోపే పై రెప్పలు వాచి, ఊదా రంగుకు తిరిగి, కళ్లు తెరవలేకపోయాడు. వాళ్ల నాయనమ్మ వాణ్ణి చంకనేసుకుని ఏడుస్తూ వచ్చింది. ఎవరిదో దిష్టి అంది.

దిష్టి కాదు, వాలు. నెత్తి మీద చర్మం ఐదు పొరలు. అందులో నాలుగోది వదులుగా, ఖాళీగా ఉండే పొర. నుదురు ముడతలు పెట్టే కండరం ఎముకకు ఎక్కడా అతుక్కోదు, కనుబొమ్మల చర్మంలోకి దిగిపోతుంది. అందువల్ల ఆ వదులు పొరలో చేరిన రక్తాన్ని ముందువైపు ఆపే గట్టు లేదు. తూములు ఎత్తేసిన కాలువలా అది పల్లానికి, అంటే కంటి రెప్పల్లోకి దిగుతుంది. బొప్పి తగ్గడమూ రెప్ప నల్లబడడమూ ఒకే రక్తం ప్రయాణం. వారం పది రోజుల్లో ఊదా ఆకుపచ్చై, పసుపై పోతుంది. ఆవిడకు ఇదంతా చెప్పాను. సరేనంది, వెళ్లి ఉప్పు తీసి దిష్టి కూడా తీయించింది.

ఇక్కడే ఒక జాగ్రత్త. నుదుటి మీద బొప్పే లేకుండా, పెద్ద ప్రమాదం తర్వాత రెండు కళ్ల చుట్టూ నల్లగా వలయాలు కడితే ఆ రక్తం పైనుంచి రాలేదు. పుర్రె అడుగున ఎముక చిట్లి అక్కడినుంచి వచ్చి ఉండవచ్చు. ముక్కులోంచో చెవిలోంచో నీళ్లలాంటి ద్రవం కారుతుంటే అనుమానం ఇంకా బలపడుతుంది. ఆ ముక్కులో దూది కుక్కకూడదు, చీదనివ్వకూడదు.

అంత చిన్న గాయానికి అంత నెత్తురు కారడమేమిటి?

నెత్తి చర్మంలో రక్తనాళాలు గట్టి పీచులో బిగుసుకుని ఉంటాయి. మిగతా ఒంట్లో తెగిన నాళం ముడుచుకుంటుంది, ఇక్కడ నోరు తెరుచుకునే ఉంటుంది. పుర్రె గట్టిదనం ఇక్కడ మనకు కలిసొస్తుంది. శుభ్రమైన గుడ్డ పెట్టి ఎముకకేసి పది నిమిషాలు విడవకుండా అదిమితే చాలావరకు ఆగుతుంది. మధ్యమధ్యలో తీసి చూడవద్దు. చేతికింద ఎముక కదులుతున్నట్టో గుంటపడినట్టో అనిపిస్తే మాత్రం అదమకుండా గుడ్డ కప్పి తీసుకెళ్లండి. కాఫీ పొడి, పసుపు, సున్నం వేయకండి. తర్వాత అవన్నీ కడిగి తీయాల్సిన నర్సు మిమ్మల్ని ఏమనుకుంటుందో నాకు తెలుసు.

కణత మీద దెబ్బకు అంత భయపడతారెందుకు?

పుర్రెలోకెల్లా పలచనైన గోడల్లో అదొకటి. కనుబొమ్మ చివరకు కాస్త వెనక, చెంప ఎముకకు పైన నాలుగు ఎముకలు కలిసే చోటు ఉంది. ఎండిన పుర్రెను కిటికీ వెలుగుకు ఎత్తి పట్టుకుంటే అక్కడ వెలుగు చొరబడుతుంది. ఆ పలచని గోడ లోపలి ముఖం మీద ఎండిన ఏటి పాయల్లాంటి గాడులు కనిపిస్తాయి. అవి ఒక ధమని పారిన జాడలు. ఎముకకు అతుక్కుని పారే ధమని కనుక ఎముక చిట్లితే అదీ తెగవచ్చు. తెగితే రక్తం ఎముకకూ మెదడు పొరకూ మధ్య చేరుతుంది. బయటికి బొట్టు కూడా రాదు.

సుశ్రుతుడు కణతలోని మర్మానికి శంఖం అని పేరు పెట్టి, దెబ్బ తగిలితే వెంటనే ప్రాణం తీసేవాటిలో చేర్చాడు. వెంటనే అన్న మాటను నేనైతే కాస్త సవరిస్తాను. ఈ దెబ్బ మోసం చేసేది మధ్యలో దొరికే తెరిపితోనే.

కొన్నేళ్ల కిందట మా పక్క కొబ్బరితోటలో కాయల దింపు జరుగుతోంది. కింద కాయలు రాశి పోస్తున్న కుర్రవాడికి పైనుంచి పడ్డ కాయ కణతను రాసుకుంటూ పోయింది. కూలబడ్డాడు, ఒక నిమిషం పలకలేదు, తర్వాత లేచాడు. మంచినీళ్లు తాగాడు. అందరితో కూర్చుని అన్నం తిన్నాడు, పనిలోకి కూడా దిగాడు. మూడింటికి తల నొప్పిగా ఉందని చెట్టు కింద పడుకున్నాడు. ఎండదెబ్బేమో, పడుకోనీ అన్నారు. నన్ను పిలిచింది వాడి గురక విని విసుక్కున్న మేస్త్రీ. నేను వెళ్లేసరికి వాణ్ణి గిల్లినా లేవడం లేదు. రెప్పలెత్తి చూస్తే ఒక కంటిపాప పెద్దది, ఒకటి చిన్నది. అదృష్టం బాగుండి బండి త్వరగా దొరికింది. ఆ రాత్రే పుర్రెకు రంధ్రం చేసి గడ్డ తీశారు. ఇప్పటికీ వాడు దింపుకు వస్తాడు. వచ్చిన ప్రతిసారీ ఒక గెల బొండాలు అరుగు మీద పెట్టి వెళతాడు. నిద్రపోతున్నాడని వదిలేసి ఉంటే సాయంత్రానికి లేచేవాడు కాదు.

కాయ పడితే ఎంతపాటి దెబ్బ అంటారా? 60 అడుగుల ఎత్తు నుంచి పడే వస్తువు నేలకు చేరేసరికి గంటకు సుమారు 68 కిలోమీటర్ల వేగంలో ఉంటుంది. పీచుతో ఉన్న ముదురు కాయ కిలోకు పైమాటే. కాపున్న చెట్టు కింద నులకమంచం వేసుకోవద్దని నేను చెబితే మా ఊరి పెద్దలు నవ్వుతారు. కొబ్బరిచెట్టుకు కళ్లున్నాయట, మనిషి మీద వేయదట. కళ్లున్నవి కాయకు, చెట్టుకు కాదు. వాటితో చూసిన కాయ నాకింతవరకూ తగల్లేదు.

ఎప్పుడు ఆసుపత్రికి, ఎప్పుడు ఇంటి దగ్గరే?

తగిలిన వెంటనే ఏడ్చి, కాసేపటికి ఆటలో పడి, తిండి తింటూ, మామూలుగా మాట్లాడే పిల్లవాణ్ణి ఇంట్లోనే కనిపెట్టుకుని ఉండవచ్చు. రెండేళ్లలోపు పిల్లల విషయంలో ఒక తిరకాసు ఉంది. నుదుటి మీద బొప్పి కన్నా తల పక్కనో వెనకో వచ్చిన మెత్తటి వాపు ఎక్కువ అనుమానించదగ్గది. నుదుటి బొప్పికి పరుగెత్తుకొచ్చేవాళ్లు, చెవి పైన వాపును దువ్వెనకు తగిలేదాకా చూడరు.

స్పృహ తప్పడం, ఒకటికి రెండుసార్లు వాంతి, మూర్ఛ, పెరుగుతూ పోయే తలనొప్పి, మత్తు, మాట తడబడటం, ఒక చెయ్యో కాలో వాలిపోవడం, కంటిపాపల తేడా, జరిగింది గుర్తులేకపోవడం, ముక్కూ చెవుల నుంచి నీరు: వీటిలో ఒక్కటున్నా 108కు ఫోను చేయాలి. రక్తం పలచబడే మందులు వాడేవాళ్లు ఏ లక్షణమూ లేకపోయినా చూపించుకోవాలి. ఎత్తునుంచి పడ్డవాళ్ల మెడను అటూఇటూ తిప్పకండి, లేపి కూర్చోబెట్టకండి.

దెబ్బ తగిలినవాళ్లను నిద్రపోనివ్వకూడదా అని అందరూ అడుగుతారు. నిద్ర చంపదు. నిద్రో మత్తో తెలియకపోవడమే ప్రమాదం. రాత్రి రెండు మూడు గంటలకోసారి లేపి పేరు అడగండి. చిరాకుపడి తిట్టాడంటే మంచిదే.

మా నాన్నగారు నెల కిందట దూలానికి తల కొట్టుకున్నారు. అప్పుడు ఏమీ కాలేదు. ఇప్పుడు తడబడుతున్నారు. దానికీ దీనికీ సంబంధం ఉంటుందా?

బాగా ఉంటుంది. ఇది మన ప్రాంతం వాళ్లకు చెప్పడం చాలా తేలిక. అంబాజీపేట వైపు కురిడీ కాయ చేతిలోకి తీసుకుని చెవి దగ్గర ఊపి చూస్తారు కదా. పచ్చికాయలో కొబ్బరి చిప్పకు అంటుకుని ఉంటుంది. అటక మీద నెలల తరబడి ఆరాక లోపలి కొబ్బరి కుంచించుకుని, చిప్పను విడిచి లొడలొడలాడుతుంది. వయసు మీదపడితే మెదడు కూడా కొంత కుంచించుకుంటుంది. చిప్ప మాత్రం అంతే ఉంటుంది. మెదడు నుంచి పైపొర దాకా వెళ్లే సన్నటి సిరలు ఆ పెరిగిన సందులో తీగల్లా సాగి ఉంటాయి. చిన్న కుదుపుకు ఒకటి తెగుతుంది. ధమని కాదు, సిర. కనుక రక్తం ఊటలా, వారాల తరబడి చేరుతుంది.

ఇంట్లోవాళ్లు వయసుతో వచ్చే మతిమరుపు అనుకుంటారు. నడక మారడం, పగలంతా మగతగా ఉండడం, చేతిలో గ్లాసు జారిపోవడం కొత్తగా మొదలైతే గత రెండు మూడు నెలల్లో తల ఎక్కడైనా కొట్టుకున్నారా అని గుర్తు చేసుకోండి. తలుపు చట్రానికి తగిలిన దెబ్బ కూడా లెక్కలోకి వస్తుంది. స్కానింగ్‌లో తేలిపోతుంది. చాలామందికి చిన్న రంధ్రం చేసి ఆ పాత రక్తం తీసేస్తే మనిషి మళ్లీ మామూలవుతాడు. ముసలితనం అని సరిపెట్టుకునేవాటిలో ఇలా బాగయ్యేవి తక్కువ. అందుకే ఈ ఒక్కటీ వదులుకోవద్దని బతిమాలుతుంటాను.

నుదుటి నొప్పంతా సైనసేనా?

ముసురు పట్టిన రోజుల్లో డెల్టాలో ప్రతివాడికీ సైనసే. నుదుటి ఎముకలో కనుబొమ్మల పైన గాలి గదులున్న మాట నిజం. అవి పుట్టినప్పుడు ఉండవు. ఏడెనిమిదేళ్లకు ఎక్స్‌రేలో కనిపించేంత అవుతాయి, ఈడొచ్చాక పూర్తి సైజుకొస్తాయి. కుడి ఎడమ సమానంగా ఉండవు, కొందరిలో ఒకవైపు అసలే ఉండదు. ఏ ఇద్దరివీ ఒకేలా ఉండవు కనుక పాత ఎక్స్‌రేతో పోల్చి గుర్తు తెలియని మృతదేహం ఎవరిదో తేల్చడానికి కూడా వాడతారు. కాబట్టి నాలుగేళ్ల పిల్లాడికి నుదుటి సైనస్ అని ఎవరన్నా అంటే నేను నమ్మను.

ముక్కు దిబ్బడ, చిక్కటి చీమిడి, జ్వరం, వంగితే నుదురు బరువెక్కడం ఉంటే సైనస్ కావచ్చు. అవేవీ లేకుండా వెలుగు చూడలేక, వాంతి వచ్చేలా, నెలకు రెండుమూడుసార్లు వచ్చే నొప్పి చాలావరకు మైగ్రేన్. ఏళ్ల తరబడి సైనస్ బిళ్లలు మింగేవాళ్లలో ఇలాంటివాళ్లే ఎక్కువ. దెబ్బ తగలకుండానే జ్వరంతో నుదురు మెత్తగా ఉబ్బితే అది వేరు. చీము ఎముకను తొలిచి బయటపడుతోందన్న గుర్తు. అదే రోజు ఆసుపత్రికి వెళ్లాలి.

మూతి వంకర పోయింది. పక్షవాతమేనా?

నుదురు చూడండి. కనుబొమ్మలు పైకెత్తి ముడతలు పెట్టమనండి. ముఖం కింది సగం ఒకవైపు జారినా నుదుటి మీద ముడతలు రెండువైపులా సమానంగా పడుతుంటే దెబ్బ మెదడులో ఉండవచ్చు. నుదుటికి మెదడు రెండు సగాల నుంచీ ఆజ్ఞలు అందుతాయి కనుక ఒక సగం చెడినా నుదురు పనిచేస్తుంది. నుదురు కూడా ఒకవైపు నున్నగా ఉండిపోయి, ఆ కన్ను మూతపడకపోతే చెవి వెనకనుంచి వచ్చే ముఖ నరమే చెడింది. చూడటానికి రెండోదే భయంకరంగా ఉంటుంది. ప్రమాదం మాత్రం మొదటిది. అయినా తేల్చాల్సింది డాక్టరే. రెండింటిలో ఏదైనా వెంటనే బయలుదేరండి.

విశాలమైన నుదురు తెలివికి గుర్తా?

కాదు. బట్టతల వచ్చినకొద్దీ తెలివి పెరిగేదైతే మా వయసువాళ్లకు ఎదురుండేది కాదు. పుర్రె ఎత్తుపల్లాలు తడిమి గుణగణాలు చెప్పే ఒక విద్య రెండు వందల ఏళ్ల కిందట యూరప్‌ను ఊపేసింది, తర్వాత వట్టిదని తేలిపోయింది. నుదుటి వెనక ఉన్న మెదడు మాత్రం సామాన్యమైనది కాదు. 1848లో అమెరికాలో ఫీనియస్ గేజ్ అనే రైలు మార్గం మేస్త్రీకి మూడున్నర అడుగుల ఇనుప కడ్డీ చెంప కింద దూరి నుదుటి పైన బయటికొచ్చింది. బతికాడు, మాట్లాడాడు, నడిచాడు. మనిషి మాత్రం మారిపోయాడని తెలిసినవాళ్లన్నారు. ప్రమాదం తర్వాత మా ఆయన ఇలా కోపిష్టి కాదండీ అని భార్యలు చెప్పినప్పుడు నేను తేలిగ్గా తీసుకోను.

బొట్టు చోట తెల్లమచ్చ వచ్చింది. ఎముకకేమైనా అయిందా?

లేదు, స్టికరు జిగురులోని రసాయనం చర్మం రంగును చెరపగలదు. స్టికరు మానేసి చర్మ వైద్యులకు చూపించండి.

నుదుటి మీద ఏళ్లుగా రాయిలాంటి గడ్డ ఉంది, నొప్పి లేదు.

కదలకుండా, గట్టిగా, నున్నగా, పెరగకుండా ఉంటే అది ఎముక మీదే పెరిగిన చిన్న ఎముక ముద్ద కావచ్చు. మెత్తగా జారుతుంటే కొవ్వు గడ్డ కావచ్చు. రెండూ సాధారణంగా హాని లేనివే. ఈ మధ్యే వచ్చి పెరుగుతున్నదైతే చూపించుకోవాలి.

కాలువ గట్టు మీద రెండు కిలోమీటర్లకు కూడా హెల్మెట్ కావాలా?

కావాలి. గట్టు రోడ్డు మీద ఒకపక్క కాలువ, ఒకపక్క పల్లం, మధ్యలో ధాన్యం ఆరబోత. ఐఎస్ఐ ముద్ర ఉన్నది కొనండి. ముందు అంచు కనుబొమ్మలకు కాస్త పైన ఉండాలి. సగం నుదురు కనిపించేలా వెనక్కి తోసుకుంటే పుర్రెలో ముందుగా నేలను తాకే చోటు బయటే ఉంటుంది. గడ్డం కింద పట్టీ బిగించకపోతే పడేటప్పుడు హెల్మెట్ ఒకపక్కకు, తల ఒకపక్కకు పోతాయి.

పైన కనిపించే గట్టి డిప్ప కన్నా లోపలి తెల్లటి థర్మోకోల్ పొర ముఖ్యం. తాను నలిగి, తల ఆగే వేగాన్ని తగ్గించేది అదే. ఒకసారి నలిగితే మళ్లీ ఉబ్బదు. కిందటేడు పడినప్పుడు ఇదే కాపాడిందండీ అంటూ ఒకాయన తన హెల్మెట్ నాకు గర్వంగా చూపించారు. లోపల వేలు పెట్టి నొక్కితే కణత దగ్గర బొటనవేలంత గుంట ఉంది. ఆయన దాన్నే పెట్టుకుని రావులపాలెం వెళ్లారు.